కెప్టెన్లకే కెప్టెన్

ఆ ఆదివారం మోహన్‌కుమార్ వేసుకున్న పథకం చాలా చిన్నది. సర్జాపురలో మామగారు కొత్తగా తెరుస్తున్న పట్టుచీరల అంగడికి పదకొండింటికి వెళ్ళడం, మూలన ఒక కుర్చీ చూసుకోవడం, భోంచేసి వచ్చేయడం. మామగారు నాగరాజు ఆనేకల్‌లో ముప్పై ఏళ్ళుగా చీరలు అమ్ముతున్న మనిషి. ఎవరు కనబడినా సరే, మా అల్లుడు ఓడలో ఆఫీసరని మొదలుపెడతాడు. ఆ మాట విన్నప్పుడల్లా మోహన్‌కుమార్‌కి తల తీసేసినట్టుండేది.

ఎందుకంటే అతను ఓడలో వంటవాడు. ఇరవై రెండు మందికి మూడు పూటలా వండిపెట్టే పెద్ద వంటవాడే, కాదనం, కానీ ఆఫీసరు మాత్రం కాదు. పెళ్ళిచూపుల్లో మధ్యవర్తి ఆఫీసరని అనేసినప్పుడు ఇతను పెళ్ళికూతురికన్నా ఎక్కువగా తల వంచుకుని కూర్చున్నాడు. పెళ్ళయిన వారంలోనే భార్య హరిణికి నిజం చెప్పుకున్నాడు. ఆమె నవ్వి ఊరుకుంది గాని, అత్తమామలకు చెప్పడం రేపు, ఎల్లుండి అంటూ ఎనిమిదేళ్ళు నడిచింది. గుట్టు బయటపడుతుందని సెలవుల్లో అత్తారింటి వంటగది గడప కూడా తొక్కేవాడు కాదు. అత్తగారు జయమ్మ సాంబారులో ఉప్పు రెండుసార్లు వేసినా, "బాగుండాది అత్తా" అని నీళ్ళు తాగి మింగేవాడు.

ముందురోజే ఆనేకల్ వచ్చిన అల్లుడు, పొద్దున ఆరింటికి స్నానానికి వెళ్తూ ఫోను జయమ్మ చేతికిచ్చాడు. పెళ్ళి ఫోటోలు చూస్తానంది పాపం. ఆవిడ వేలు వేరే ఫోటో దగ్గర ఆగిపోయింది. అందులో అల్లుడు కిరీటం పెట్టుకుని, గడ్డంతో సింహాసనం మీద కూర్చున్నాడు. చేతిలో రాజదండం. ఎదురుగా తెల్ల దుస్తులవాడొకడు, భుజాల మీద నాలుగేసి బంగారు పట్టీలతో, మోకాళ్ళ మీద కూర్చుని తాళంచెవి సమర్పిస్తున్నాడు.

ఓడలో ఒక ఆచారం ఉంది. భూమధ్యరేఖ దాటే రోజున హోదాలు తలకిందులవుతాయి. కిందివాళ్ళలో ఒకడు సముద్రరాజు వేషం కడితే, కెప్టెనంతటివాడు అతని ముందు మోకరిల్లి, రేఖ దాటడానికి అనుమతి అడిగి, ఓడ తాళంచెవి అప్పగిస్తాడు. సాయంత్రానికల్లా ఆ రాజు మళ్ళీ ఉల్లిపాయలు తరుక్కుంటాడు. ఆ ఫోటో తీసిననాటి రాజు మోహన్‌కుమార్. కిరీటం బిస్కట్ డబ్బా రేకు, గడ్డం తాడు పీచు, రాజదండం వంటింటి జల్లిగరిటె. ఇదంతా జయమ్మకెవరు చెప్పాలి? నాలుగు పట్టీలుంటే కెప్టెనని మాత్రం ఆవిడకు తెలుసు. ఎప్పుడో అల్లుడే చెప్పాడు.

"ఏమండీ, కెప్టెను మనోడి కాళ్ళకాడ కూర్చోనుండాడు" అంది భర్తతో. "అంటే మనోడు కెప్టెను కన్నా పెద్దోడే కదా."

మోహన్‌కుమార్ తల తుడుచుకుని వచ్చేసరికి ఫోటో వాట్సాప్‌లో అరవై నలుగురు బంధువులకు చేరిపోయింది. అది ఉత్త ఆట మామా అని మొత్తుకున్నాడు. నాగరాజు వింటేగా! పెద్దవాళ్ళు ఇలాగే తగ్గి మాట్లాడతారని మురిసిపోయి, స్కూటరెక్కి ఎటో వెళ్ళిపోయాడు. ఎటు వెళ్ళాడో పదకొండింటికి తెలిసింది.

అంగడి ముందు పదడుగుల ఫ్లెక్సీ. కిరీటం, గడ్డం, మోకాళ్ళ మీద కెప్టెన్. గరిటెకున్న చిల్లులు కూడా లెక్కపెట్టుకోవచ్చు. కింద పెద్ద అక్షరాల్లో 'కెప్టెన్లకే కెప్టెన్, మా అల్లుడు' అని ఉంది. మూల కుర్చీ సంగతి దేవుడెరుగు, అతన్ని వేదిక ఎక్కించారు, మెడలో గజమాల, నెత్తిన మైసూరు పేటా తలపాగా పడ్డాయి. రిబ్బను కూడా అతనే కత్తిరించాలట. హరిణి వైపు చూస్తే ఆమె కొంగుతో నోరు మూసుకుని ఉంది. నవ్వుతోందో ఏడుస్తోందో తెలియలేదు.

అంతటితో అయిందా? అంగడి పక్క అపార్ట్‌మెంట్‌లో ఉండే రిటైరైన ఓడ కెప్టెన్ బైరప్పను కూడా అల్లుడికి తోడుగా ఉంటాడని నాగరాజు పిలిచి, ముందు వరసలో కూర్చోబెట్టాడు. ఆ ముసలాయన కళ్ళు చికిలించి ఫ్లెక్సీ వంకే చూస్తున్నాడు. ఆయనకు తెలియదా ఆ ఫోటో ఏమిటో? ఆయనే ఎన్నిసార్లు ఎందరు వంటవాళ్ళ ముందు మోకరిల్లాడో! మోహన్‌కుమార్‌కి పేటా కింద చెమటలు పట్టాయి. ఇంతలో బైరప్ప లేచి, మెల్లగా వేదిక వైపు నడవసాగాడు.

నిజం ఆయన నోట వస్తే, మామగారి ముప్పై ఏళ్ళ పరువు బజారున పడుతుంది. తన నోట వస్తే తన పరువు మాత్రమే పోతుంది. మోహన్‌కుమార్ పక్కనున్న మైకు లాక్కున్నాడు.

"నేను కెప్టెన్ని కాదు, ఆఫీసర్ని కూడా కాదు. ఓడలో వంట చేస్తాను. ఆ ఫోటోలో నా చేతిలో ఉండేది జల్లిగరిటె. ఎనిమిదేండ్లుగా మామ దగ్గిర నోరు మూసుకోనే అబద్ధం చెప్పినాను."

బ్యాండువాళ్ళు ఆగిపోయారు. వచ్చినవాళ్ళంతా ఒక్కసారి ఫ్లెక్సీ వైపు తిరిగి గరిటెను చూశారు. మోహన్‌కుమార్ సిగ్గుతో చచ్చిపోయాడు. అప్పటికి బైరప్ప వేదిక ఎక్కి అతని భుజం తట్టాడు.

"కంటి ఆపరేషనయి నాలుగు దినాలప్పా. ఆ బోర్డులో ఏముండాదో నాకేమీ కనబళ్ళేదు. కాఫీ ఎక్కడిస్తారో అడగనీకి వచ్చినా."

నాగరాజు కత్తెర పళ్ళెం పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. ముఖం కందగడ్డలా ఎర్రబడింది. తర్వాత అల్లుడి దగ్గరకు వచ్చి, గొంతు తగ్గించి అడిగాడు.

"వంటోడివైతే అయినావులే. ఎనిమిదేండ్లు నా పక్కన కూర్చోని ఆ సాంబారు తిన్నావు కదప్పా. నేను అవస్థ పడతావుంటే ఒక్క దినమన్నా గరిటె పట్టుకోవాలని నీకు తోచలేదా?"

అల్లుడి చేతిలో మైకు ఆపలేదన్న సంగతి, వీధి చివరి దాకా ఆ మాట వినబడిందన్న సంగతి, జయమ్మ ముఖం చూశాకే ఆయనకు తెలిసింది. ఇప్పుడు తల వంచుకోవడం ఆయన వంతయింది. అయినా కత్తెర మాత్రం అల్లుడి చేతిలోనే పెట్టాడు. రిబ్బను తెగేటప్పుడు అల్లుడి మణికట్టు కింద తన చెయ్యి ఆనించాడు.

మర్నాడు పొద్దున జయమ్మ మొగుడితో మాట్లాడకుండా వచ్చి, వంటసామాన్ల గది తాళంచెవి అల్లుడి ముందు పెట్టింది. మోకాళ్ళ మీద మాత్రం కూర్చోలేదు. సెలవింకా మూడు నెలలుంది. మోహన్‌కుమార్ వారం రోజులు మూడు పూటలా వండి, కంపెనీకి ఫోన్ చేసి, ముందుగా బయలుదేరే ఓడ ఏదైనా ఉందా అని అడిగాడు.