నియోజకవర్గానికి పెద్దకర్మ

2006 నాటి గోదావరి పెద్ద వరదకు మూడో ఏడు, ఎండాకాలంలో, చర్ల అడవిలోని వాగొడ్డు గూడేనికి ఒక మరణవార్త అందింది. భద్రాచలం పార్లమెంటు నియోజకవర్గం కాలం చేసింది. జబ్బేమీ లేదు. పటాలు గీసే పెద్దలు గీత కాస్త జరిపారు, అది పోయింది. ఇకమీదట గూడెం ఓట్లు మహబూబాబాద్‌కు చెందుతాయి. మహబూబాబాద్ ఎటు ఉంటుందో గూడెంలో ఎవరికీ తెలియదు. ఓటెయ్యడానికి అది తెలియనక్కర్లేదని మాత్రం అందరికీ తెలుసు.

పోయిన నియోజకవర్గం ఉత్తమురాలు. బతికినన్నాళ్లూ ఎవరికీ లేదనలేదు. వాగు మీద వంతెన అడిగిన ప్రతిసారీ ఇస్తానంది. మాట తప్పిందనడానికి వీల్లేదు. ఇస్తానంటూ ఉండగానే ప్రాణం పోయింది.

అందరికన్నా దిగులుపడ్డవాడు దూలయ్య. వరద ఏడు ఆయన కోడలు పూలికి నొప్పులు వచ్చినప్పుడు వాగు పొంగి ఉంది. దవాఖానా అవతల చర్లలో. మంచం మీద మోసుకొచ్చినవాళ్లు ఒడ్డునే ఆగిపోయారు. బిడ్డ దక్కలేదు. ఇప్పుడు పూలికి మళ్లీ ఐదో నెల. కాన్పు నడివానల్లో.

గూడెంలో ఒక ఆచారం ఉంది. మనిషి పోతే పెద్దకర్మ నాడు వారసుడికి పాగా చుడతారు. చుట్టించుకున్నవాడు, పోయినవారు ఇచ్చిన మాటలన్నీ ఇక తనవేనని పదిమందిలో ఒప్పుకోవాలి. మనిషికి చేసేది నియోజకవర్గానికి ఎందుకు చెయ్యకూడదని దూలయ్య అడిగాడు. ఆయన నోరు తెరవడమే అరుదు గనక అందరూ సరేనన్నారు.

కొత్త నియోజకవర్గం తరఫున ప్రచారానికి అభ్యర్థి ప్రేమ్‌సాగర్ గారు విచ్చేశారు. జీపు వాగు ఇసుకలోంచి హాయిగా దాటింది. డోలు మోగింది. తెల్ల పాగా చుట్టారు. సన్మానమనుకుని ఆయన ఫొటోకు అనువుగా తిరిగారు.

"సారూ, పాగా చుట్టినం. ఇగ వంతెన మాట మీదే," అన్నాడు దూలయ్య.

ప్రేమ్‌సాగర్ గారు వాగు వైపు చూసి నవ్వారు. "ఏంది తాతా, సుక్క నీళ్లు లేకపాయె. ఇసుక మీద వంతెనెందుకు?"

"వానల్ల రాండ్రి సారూ, నీళ్లు సూపిస్తం," అంది రామక్క. గూడెంలో నోరున్న ముసలామె.

"వానల్ల ఎట్లొస్తమమ్మా? వంతెన లేదాయె!"

ఈ జవాబులో తప్పెక్కడుందోనని గూడెం కాసేపు వెతికింది. దొరకక చప్పట్లు కొట్టింది. ఉత్సాహం వచ్చి ప్రేమ్‌సాగర్ గారు జీపెక్కి ఉపన్యసించారు: "స్వర్గీయ నియోజకవర్గం ఆశయాలను ముందుకు తీసుకుపోతాం! ఆ తల్లి ఇచ్చిన హామీలలో ఒక్కటి కూడా పోనివ్వం. ఇచ్చినవి ఇచ్చినట్టే, మళ్లీ ఇస్తాం!"

ఆచారానికి లోటేమీ జరగలేదు. అన్నీ ఒప్పుకున్నారు. పాగాతో సహా వెళ్లిపోయారు.

మర్నాడు తెల్లవారగానే దూలయ్య పూలి బట్టలు మూట గట్టి, ఆమెను తీసుకుని వాగులోకి దిగాడు. చర్లలో చెల్లెలి ఇల్లుంది, దవాఖానాకు దగ్గర. వాగు నడుమ రామక్క ఇసుకలో చెలిమె తవ్వి నీళ్లు తోడుతోంది.

"ఏంది దూలన్నా, గింత ముందుగాల్నే తోల్కపోతున్నవ్?"

"అవ్. ఇప్పుడైతే వంతెన అక్కర్లేదంట."

రామక్క చెంబు ఆపింది. "జర ఆగు. మా మనవరాలు గూడ వస్తది. దానికి మూడో నెల."

దూలయ్య మూట దించి, ఇసుకలో కూర్చున్నాడు.