రక్తపింజర వారసులు

“ఈ నగరంలో పాముకాటుకి మందంటూ ఉందంటే, అది మా ముత్తాత డాక్టర్ పోలయ్యగారి చలవే!” అని శంకరరావు మైకులో ప్రకటించాడు. బర్మాలోని చిమిండైంగ్ తెలుగు సంఘానికి ఆయన అధ్యక్షుడు.

వెనక వరసలో ఆయన కోడలు సుధామణి తల దించుకుంది. ఆ మందు తయారుచేసే కేంద్రంలో ఆమె గుర్రాలకి గడ్డి వేస్తుంది. మావగారు మాత్రం “మా కోడలు రీసెర్చిలో ఉంది” అని చెప్పుకుంటాడు. అక్కడి బీరువాలో వందేళ్లనాటి మూగ ఫిల్మొకటి దొరికింది. పాము విషమెలా తీశారో, గుర్రాలకెక్కించి మందెలా చేశారో ఆనాటి పరిశోధకులు తీసిపెట్టుకున్నది. అందులో పోలయ్య పేరుందని ఆమె ఇంట్లో నోరుజారిన పాపానికే ఈ సభ.

కేంద్రం పెద్ద డాక్టరు దో ఖిన్‌మ్యా లైట్లు ఆర్పించింది. తెరమీద టోపీ పెట్టుకున్న మనిషి కనిపించాడు. “అడుగో, మా ముత్తాత,” అన్నాడు శంకరరావు. కింద ఎవరో దొర పేరు పడింది. తరవాత గోచీ కట్టిన బక్కమనిషొకడు రక్తపింజర తలని ఉత్త చేత్తో పట్టి, గాజుగ్లాసు అంచుని కరిపించాడు. కింద రాసుంది: పోలయ్య, లాయం కూలీ.

హాల్లో ఎవరో దగ్గారు.

“ఈడెవుడో మాకు తెల్దు,” అన్నాడు శంకరరావు. “పోలయ్యలు ఈ ఊళ్లో ఏటి తక్కువా?”

సుధామణికి ఒళ్లు మండింది. తెరమీద ఆ మనిషి చెయ్యి ఒక్కసారైనా వణకలేదు.

లైట్లు వెలిగాక దో ఖిన్‌మ్యా బర్మా భాషలో చెప్పింది. “ఈయన లేకపోతే ఆ మందు లేదు. మా కొత్త భవనానికి ఈయన పేరే పెడుతున్నాం. వారసులెవరైనా ఉన్నారా?”

శంకరరావు మైకు అందుకున్నాడు. “ఆ ముక్కు సూడండి, అచ్చం మాదే.”

“ఇప్పుడే కదా తెల్దన్నావు?” అని సంఘం కార్యదర్శి కోటిబాబు అడ్డుపడ్డాడు. “ఆ సెవులు మావి.”

నిమిషంలో పోలయ్య ముక్కూ చెవులూ గడ్డమూ నాలుగు కుటుంబాలు పంచేసుకున్నాయి.

డాక్టరమ్మ సంతోషించింది. “అయితే సోమవారం అదే దృశ్యాన్ని మళ్లీ చిత్రీకరిద్దాం. పాముని మావాళ్లు పట్టుకుంటారు. వారసులు గ్లాసు పట్టుకుంటే చాలు.”

పాము అసలుదేనా అని కోటిబాబు అడిగాడు. అసలుదే. దాంతో ఆ చెవులు వేరేవాళ్లవని తేలిపోయింది. శంకరరావుకి నడుంనొప్పి గుర్తొచ్చింది. “అయినా సీకట్లో ముక్కేటి తెలుస్తాది?” అన్నాడు.

సుధామణి లేచి నిలబడింది. “గ్లాసు నేను పట్టుకుంటాను, సయామా,” అంది డాక్టరమ్మతో.

“నీకాయన ఏమవుతాడమ్మా?” అని అడిగింది డాక్టరమ్మ.

సుధామణి మావగారివైపు చూసింది. ఆయన చెప్పులు వెతుక్కుంటున్నాడు.

“ఎవరికీ కాకుండా పోతున్నాడు కదండీ,” అంది. “నాకు ఉండనివ్వండి.”