అడబాల వారి ఫోనులో ఆరో నెల

అడబాల వారి కోడలు సులోచన ఫోనులో నీళ్ళోసుకుందన్న కబురు కాలవపేటలో ఎవరికీ వింతగా తోచలేదు. మూడో నెల రాగానే అంగన్‌వాడీ టీచరు వచ్చి, ఫోనుకి బొట్టు పెట్టి, గుడ్లూ పాలపొడీ ఇచ్చి, వేలిముద్ర వేయించుకుని వెళ్ళింది. ఫోను గుడ్లు తినదు కనుక సులోచన మొగుడు వీరభద్రం తిన్నాడు. ఒంట్లో గర్భం మోసే ఆడవాళ్ళకి ఇచ్చిన గుడ్లు కూడా ఆ వీధిలో చాలా ఇళ్ళలో మొగుళ్ళే తింటారు కనుక ఇందులోనూ కొత్తేమీ లేదు.

'నిండు ఇల్లు' అన్నది ఫోనులో ఆడుకునే ఆట. అందులో మన పేరుతోనే ఒక బొమ్మ మనిషి ఉంటుంది. ఆ మనిషికి ఇల్లు కట్టాలి, వండి పెట్టాలి, పెళ్ళి చెయ్యాలి, పిల్లల్ని కనేలా చూడాలి. పిల్లలు లేని వాళ్ళ అర్జీల పోరు పడలేక, కాలవపేట పురపాలక సంఘం వారు ఆ ఆటలోని గర్భాన్ని అసలు గర్భంతో సమానంగా గుర్తించారు. వార్డు ఆఫీసులో కుళాయిల బల్లకీ కుక్కల లైసెన్సుల బల్లకీ మధ్యన గర్భాల బల్ల అని ఒకటి వేశారు. ఆలు లేదు చూలు లేదు కొడుకు పేరు సోమలింగం అని వెనకటికి వెక్కిరించేవారు. ఇప్పుడు ఆ బల్ల దగ్గర ముందు సోమలింగం పేరే రాసుకుంటారు. ఆలూ చూలూ వీలు చూసుకుని తరవాత జత చేసుకోవచ్చు.

సులోచనకి పెళ్ళయి తొమ్మిదేళ్ళు. మందులు మింగింది, మొక్కులు మొక్కింది, ఎవరో చెప్పారని ఒక ఏడాదంతా వేపచిగురు నమిలింది. ఎదురింటి సీతారత్నం రోజూ ముగ్గు వేస్తూ తలెత్తి, "ఏవమ్మా, విశేషమేవైనా ఉందా?" అని అడిగేది. ఆవిడ చెడ్డ మనిషేం కాదు. పాలవాడొచ్చాడా అని అడిగినట్టే ఇదీ అడిగేది. సులోచన నవ్వి ఊరుకుని, లోపలికొచ్చి కొళాయి తిప్పి, నీళ్ళ చప్పుడులో ఏడ్చేది. ఆమెకి బిడ్డ కావాలి. వంశం కోసమూ కాదు, అత్తగారి నోటికి జడిసీ కాదు. తనకే కావాలి. వీధిలో ఎవరైనా పసిదాన్ని భుజాన వేసుకుని వెళుతుంటే ఆమె చేతులు ఊరికే ఉండలేక కొంగుని మెలితిప్పేవి.

గర్భం సెట్టింగులు తెరవాలంటే ఇంటి పెద్ద బొటనవేలు పెట్టాలి. ఆ ఇంటికి పెద్ద అత్తగారు మంగాయమ్మ. బొటనవేలు ఒకటే అడిగారు గానీ ఆవిడ పది వేళ్ళూ పెట్టింది. 'పోలిక' అన్న గీతని తండ్రి వైపుకి లాగింది. సులోచన ఆడపడుచు పండక్కి వచ్చి, "మా అన్నయ్య ముక్కు వద్దులేవే అమ్మా" అని కాస్త వెనక్కి జరిపింది. ఆమె బస్సెక్కగానే మంగాయమ్మ మళ్ళీ ముక్కుని యథాస్థానంలో పెట్టేసింది. 'రంగు' దగ్గర మాత్రం ఎవరికీ పేచీ లేదు, తెలుపు వైపుకి చివరికంటా లాగేశారు. వార్డులో ఇళ్ళన్నీ అలాగే లాగడంతో పుట్టబోయే పిల్లలు తెర మీద గోడలో కలిసిపోయి కనబడడం మానేశారు. అందుకని గోడలకి నీలం రంగు వేసుకోవాలని ఆఫీసు వారు చాటింపు వేయించారు. ఆడా మగా అన్నచోట చట్ట ప్రకారం ఒక నల్ల కాగితం అంటించి ఉంది. మంగాయమ్మ దాన్ని గోటితో గీకి చూసింది గానీ ఊడలేదు. కాన్పు ఎలా అన్నచోట ముందే 'ఆపరేషన్' అని టిక్కు పెట్టి ఉంది, ఎంత నొక్కినా తీయరావడం లేదు. అది అందరి ఫోన్లలోనూ అంతే.

ఇన్ని సెట్టింగుల్లో సులోచన నోరు తెరిచి అడిగింది ఒకే ఒక్కటి.

"అత్తయ్యగారూ, అట్టడుగున 'కదలికలు' అని ఉందండీ. అదొక్కటి ఆన్ చేయిస్తారా?"

"దాంతో ఏవొస్తుందే? బ్యాటరీ దండగ" అంది మంగాయమ్మ. అయినా బొటనవేలు పెట్టింది.

అయిదో నెల దాటాక ఒక మధ్యాహ్నం సులోచన ఫోను బొడ్లో దోపుకుని, కత్తిపీట ముందు కూచుని ఆనపకాయ తరుగుతోంది. ఫోను జుమ్మని అదిరింది. ఎవరో పిలుస్తున్నారనుకుని చూస్తే ఎవరూ లేరు. మళ్ళీ అదిరింది, ఈసారి పక్కకి, బొడ్డు కింద నుంచి ఎడమ డొక్క దాకా. ఆనపకాయ చేతిలోంచి జారి గచ్చు మీద దొర్లింది.

"అత్తయ్యగారూ! తన్నాడండీ!"

"ఎవడే?"

"లోపలోడండీ!"

ఆ నెలంతా సులోచన కాలు నేల మీద ఆనలేదు. ఫోను పొట్టకి ఆనించి, పైన పాత చీర గుడ్డ చుట్టి కట్టుకుంది. ఎవరైనా ఫోను చేస్తే ఎత్తేది కాదు, పిల్లాడు ఉలిక్కిపడతాడని. ఆనపకాయ పులుసు వండిన రోజున ఎక్కువ తన్నేవాడు. ఆట లెక్కలో పులుసుకీ వాడికీ సంబంధం లేదని వీరభద్రం చదివి చెప్పాడు. సులోచన విని, మర్నాడు మళ్ళీ ఆనపకాయే తెచ్చింది. సీతారత్నం ప్రశ్న మారింది. "ఎన్నో నెలమ్మా?" అని అడుగుతోంది ఇప్పుడు. ఆ ప్రశ్నకి జవాబు చెప్పడం కోసమే సులోచన పొద్దున్నే ముగ్గు వేళకి గుమ్మంలో నిలబడేది. ఇంత సుఖం ఉంటుందని తొమ్మిదేళ్ళూ ఎవరూ తనకి చెప్పలేదేమిటా అనుకునేది.

ఏడో నెల వచ్చింది. సీమంతం చేశారు. తునిలో ఉన్న పుట్టింటి నుంచి అన్న సత్తిబాబు, వదిన లోవకుమారి చలిమిడి పట్టుకొచ్చారు. ఫోనుకి గంధం రాసి, గాజులు తొడిగారు. ఫోను వెడల్పుకి సరిపడే గాజులు కాలవపేట గాజులాయన దగ్గర ఎప్పుడూ ఉంటాయి. తొలి కాన్పు పుట్టింట్లోనే జరగాలన్నది మన ఆచారం. ఆఫీసు వారు దాన్నే నిబంధనగా రాసుకున్నారు. సీమంతమయ్యాక గర్భం పుట్టింటి వాళ్ళ ఫోనులోకి మారాలి. తల్లి లేదు కనుక వదిన ఫోనులోకి మార్చారు. లోవకుమారి ఫోనుని కొంగులో చుట్టుకుని జాగ్రత్తగా కారెక్కింది. సులోచన అత్తవారింట్లోనే ఉండిపోయింది. పురిటికి వెళ్ళింది గర్భం గానీ ఆవిడ కాదు, ఆవిడకి ఇక్కడ వంట పనుంది.

ఆ మర్నాటి నుంచి సులోచన పొట్ట మీద ఫోను అదరలేదు. గుడ్డ విప్పి చూసేది, మళ్ళీ కట్టేది. ఉండబట్టలేక తునికి ఫోను చేసింది.

"వదినా, ఏవైనా కదిలాడా?"

"ఏవో సులోచనా, సైలెంటులో పెట్టేశాను. సీరియల్ టైములో ఒకటే జుయ్‌మంటాడు. చార్జింగు మాత్రం తప్పకుండా పెడుతున్నానమ్మా, బెంగెట్టుకోకు."

బెంగెట్టుకోకు అంటే మానేది బెంగ కాదు కదా. ఆ వారంలోనే సులోచన బస్సెక్కి తుని వెళ్ళింది. లోవకుమారి సంతోషంగా ఎదురొచ్చి మంచినీళ్ళిచ్చింది. ఫోను వంటింట్లో బియ్యం డబ్బా మూత మీద ఉంది. సులోచన చూస్తుండగానే అది అదిరింది. స్టీలు మూత గణగణమంది. ఫోను తనంతట తను కొంచెం కొంచెం జరుగుతూ డబ్బా అంచు దాకా వచ్చి ఆగింది. అలా ఎన్నిసార్లు జరిగిందో గానీ మూత మీద గీతలు పడి ఉన్నాయి. సులోచన పరిగెత్తి దాన్ని తీసి పొట్టకి అదుముకుంది. అప్పటికే అదురు ఆగిపోయింది.

"కింద పడదులే, నేను అంచుకొచ్చినప్పుడల్లా వెనక్కి తోస్తూనే ఉన్నాను" అంది లోవకుమారి. నిజంగానే తోస్తోంది. ఆవిడ బాధ్యత గల మనిషి. సులోచనకి ఆవిడ మీద కోపం తెచ్చుకుందామన్నా రాలేదు, ఏడుపొచ్చింది.

కాలవపేట తిరిగొచ్చి తిన్నగా గర్భాల బల్ల దగ్గరికి వెళ్ళింది. అక్కడ గుమాస్తా వరహాలరావు ఒక ముసలాయన కుక్క కాగితాలు తన బల్ల మీదికి వచ్చాయని పక్క బల్లకి పంపుతున్నాడు. సులోచన వైపు తిరిగి సంగతంతా ఓపిగ్గా విన్నాడు.

"తొలి కాన్పు పుట్టింట్లోనేనమ్మా. పుట్టాక మూడో నెలలో సారెతో బిడ్డ మీ ఫోనులోకి వచ్చేస్తుంది. అంతవరకూ ఓపిక పట్టాలి."

"అప్పుడు తంతాడాండీ?"

"పుట్టాక లోపల్నుంచి ఎలా తంతాడమ్మా? కదలికలు కాన్పుతో ఆఖరు."

"పోనీ ఎత్తుకోవచ్చాండీ?"

"లక్షణంగా. తెర మీద బొమ్మని నొక్కితే మీ బొమ్మ ఎత్తుకుంటుంది."

"నేనండీ. నేను, ఈ చేతుల్తో."

వరహాలరావు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "ఆ సెట్టింగు ఇంకా రాలేదమ్మా" అన్నాడు.

సులోచన బల్ల ముందు అలాగే నిలబడింది. వెనక వరుసలో వాళ్ళు ఎవరూ తొందరపెట్టలేదు. ఆ బల్ల దగ్గర అందరూ ఏదో ఒక రోజున అలా నిలబడ్డవాళ్ళే. కాసేపటికి వరహాలరావు గొంతు తగ్గించాడు.

"గర్భాన్ని ఆరో నెలకి వెనక్కి జరిపితే సీమంతం దానంతట అదే రద్దవుతుంది. సీమంతం లేకపోతే పుట్టింటికి పంపే పని లేదు, గర్భం మీ ఫోనులోకే వస్తుంది. కారణం చెప్పాలి, ఇంటి పెద్ద బొటనవేలు పడాలి. మా ఇంటిదాన్ని నేను పదకొండేళ్ళుగా అయిదో నెలలో ఉంచానమ్మా. ఆవిడకి వేవిళ్ళు తగ్గాక ఉండే ఆకలంటే ఇష్టం."

ఇంటికొచ్చి సులోచన అత్తగారితో, లెక్క ప్రకారం బిడ్డ మూలా నక్షత్రంలో పడుతున్నాడండీ అని చెప్పింది. మంగాయమ్మ గుండె మీద చెయ్యి వేసుకుని, "అయ్యబాబోయ్, జరిపెయ్యి" అని చటుక్కున బొటనవేలు పెట్టింది. ఆ సాయంత్రం సులోచన బియ్యం ఏరుతుండగా ఎడమ డొక్కలో జుమ్మంది. ఆవిడ చేట పక్కన పెట్టి, రెండు చేతులూ పొట్ట మీద వేసుకుని కూచుంది.

మళ్ళీ ఏడో నెల వచ్చింది, మళ్ళీ చలిమిడి వచ్చింది, గర్భం తుని వెళ్ళింది. ఈసారి మూఢం వచ్చిందంది సులోచన. ఆ తరవాత ఆశ్లేష అంది. ఆ తరవాత జ్యేష్ఠ. సీమంతానికి వచ్చిన పేరంటాళ్ళు ప్రతిసారీ అక్షింతలు వేసి, పులిహోర బాగుందని చెప్పి వెళ్ళేవారు. ఇన్ని సీమంతాలేమిటని ఎవరూ అడగలేదు. లోవకుమారి గీతలు పడ్డ మూత మార్చి, డబ్బా మీద చిన్న తువ్వాలు పరిచింది.

చివరికి ఒకసారి మంగాయమ్మ బొటనవేలు పెట్టబోయి ఆగింది. గూట్లోంచి పంచాంగం తీసి, కంటికి దగ్గరగా పెట్టుకుని చూసింది.

"ఈసారి శ్రవణా నక్షత్రమే. దోషం లేదు కదే."

సులోచన తల వంచుకుంది. అబద్ధాలాడడానికి ఇక నక్షత్రాలు కూడా మిగల్లేదు. "కన్నాక వాడు నాకేం తగలడండీ. ఫోను అద్దంలో ఉండిపోతాడు. ఇప్పుడైతే తగులుతున్నాడండీ" అంది.

మంగాయమ్మ పంచాంగం మూసింది. హాల్లో వీరభద్రం సోఫాలో వాలి తన ఫోను చూసుకుంటున్నాడు. అన్నానికి రమ్మని ఆవిడ రెండుసార్లు పిలిచింది, మూడోసారి పిలవలేదు. తరవాత చెయ్యి చాపి బొటనవేలు ఆనించింది. గర్భం తుని నుంచి తిరిగి రావడానికి ఎంతోసేపు పట్టదు. ఫోను వెలిగింది.

"ఓసారి ఇలా ఇయ్యవే" అంది మంగాయమ్మ.

పొత్తికడుపు మీద, పాత ఆపరేషను కుట్టు ఉన్నచోట, చీర మీదుగా ఫోను ఆనించుకుంది. అత్తాకోడళ్ళిద్దరూ ఊపిరి బిగపట్టి కూచున్నారు. జుమ్మంది. ఆవిడ ముఖం మీద ముడతలన్నీ కదిలాయి.

"వీడూ ఇలాగే ఎడం పక్కకే తన్నేవాడు" అంది హాలు వైపు చూస్తూ. "అప్పుడు రోజంతా నాతోనే ఉండేవాడే. ఏడో నెల రానీకు."

ఇప్పుడు పొద్దుటి పూట ఫోను అత్తగారి దగ్గరా, మధ్యాహ్నం నుంచి కోడలి దగ్గరా ఉంటోంది. నిన్న పొద్దున్న సీతారత్నం ముగ్గు వేస్తూ తలెత్తి, గుమ్మంలో పొట్ట పట్టుకుని నిలబడ్డ మంగాయమ్మని పలకరించింది.

"మీ కోడలికి ఎన్నో నెలండీ?"

"ఆరండీ."

"కిందటేడూ ఆరే అన్నారు కదండీ?"

"ఆయ్. మంచి నెలండీ. అందుకే ఉంచుకున్నాం."

సీతారత్నం తలూపింది. వెనక్కి తిరిగి తమ అరుగు వైపు చూసింది. అక్కడ ఆవిడ కూతురు చెవుల్లో తీగలు పెట్టుకుని, ఫోను మీదికి వంగి కూచుని ఉంది. కాఫీ గ్లాసు పక్కనే చల్లారిపోయి ఉంది.

"మేం తొందరపడి కనేశామండీ" అని సీతారత్నం మళ్ళీ ముగ్గు మీదికి వంగింది.