రిబ్కమ్మ అడిగిన నరకం

నరకం లాంటి చక్కటి ఏర్పాటు లోకంలో మరొకటి లేదు. అందులో అన్యాయం ఉందనేవాళ్లు ఒక్కసారి మా నూజివీడు వైపు వచ్చి పాస్టరు సలోమోను అయ్యగారి ప్రసంగం వినాలి.

రోహిణి కార్తెలో, రేకుల కప్పు కింద, ఆయన అగ్నిగుండాన్ని వర్ణిస్తుంటే బయటి ఎండ వెన్నెల్లా తోస్తుంది! ఇంతటి హాయి ఏ కరెంటు ఫ్యానిస్తుంది చెప్పండి?

పైగా అక్కడ పక్షపాతం లేదు. మామిడితోటలు కొనే షావుకారు ప్రభాకరరావుగారైనా, ఆయన తోటలో కాయలు ఏరే కూలైనా, బాప్తిస్మం లేకపోతే అందరికీ ఒకటే మంట. ఆగిరిపల్లి బస్సులో కూడా దొరకదే ఈ సమానత్వం!

తోటకూలి రిబ్కమ్మ ఇదంతా నమ్మింది. అందుకే ఆడపిల్ల పుట్టగానే అయ్యగారి దగ్గరికి పరుగెత్తింది.

"తొందరేంటమ్మా? కాపు దిగాక కోత పండక్కి మిషను దొరగారు కెమెరాతో వస్తారు. పిల్లలందరికీ ఒకేసారి బాప్తిస్మం ఇస్తే ఫొటో నిండుగా ఉంటుంది," అన్నారాయన.

సబబే! కాయ మగ్గేదాకా మనం ఆగడం లేదా? పిల్లలు ఆగలేరా?

రిబ్కమ్మ పిల్ల ఆగలేదు. పండగ రాకముందే జ్వరంతో పోయింది.

దైవన్యాయం గొప్పతనం ఇక్కడే చూడండి. ఆలస్యం అయ్యగారిది, కెమెరా దొరగారిది, నరకం పిల్లది. ఎవరి వాటా వాళ్లకి!

"బాప్తిస్మం లేని బిడ్డకి సమాధుల దొడ్లో చోటివ్వకూడదమ్మా. దేవుడి తీర్పుకి మనమెవరం?" అన్నారు అయ్యగారు, గేటుకి అడ్డంగా నిలబడి.

రిబ్కమ్మ చేతుల్లో గుడ్డమూట. ఆ పిల్లకి పాలు తప్ప ఏం తెలుసు? దీపం చూస్తే నవ్వేది. అంత మంటలో ఒక్కతే ఎలా ఉంటుంది?

"నా బాప్తిస్మం తీసేయండి అయ్యగారూ."

"మతిపోయిందా?"

"నేనూ అక్కడికే పోతానండి. ఏడిస్తే ఎత్తుకోడానికి ఎవరో ఒకరుండాలిగా."

"ఇచ్చింది తీయడం కుదరదు!"

భర్త చిన్నరాయప్ప తలెత్తాడు. "ఇవ్వమంటే ఆగమన్నారు. తీయమంటే కుదరదంటున్నారు. ఇంతకీ ఈ సరుకు దేవుడిదా అండీ, మీదా?"

వెనకున్న ఆడవాళ్లలో కలకలం రేగింది. "మావీ తీసేయండి. ఆ బిడ్డకి తోడు పోతాం!" అంది ఎవరో. అవునవునన్నారు అందరూ.

గుడి ఖాళీ అయ్యేలా ఉంది. అయ్యగారు చెమట తుడుచుకుని గేటు తీశారు. "దేవుడి కరుణ అపారం," అన్నారు. ఆ సంగతి అప్పుడే తెలిసినట్టుంది, పాపం!

మట్టి వేశాక వెంకటలక్ష్మి ముందుకొచ్చింది. రిబ్కమ్మతో కాయలు ఏరుతుంది గానీ ఏసు గుడి మెట్టెక్కిన మనిషి కాదు. "పోయినేడు నా కొడుకూ పోయాడండీ. ఆ కరుణ వాడికీ ఉంటుందా?"

ఆలోచించి చెబుతానన్నారు అయ్యగారు.

నిదానంగా ఆలోచించనివ్వండి. మంటలో ఉన్నది ఆయన కొడుకు కాదుగా!