నాలుగో గడిలో సంతకం

మంగళవారం ఉదయం పదకొండు గంటల ఇరవై నిమిషాలకు, కాకినాడలోని వివాహ మార్పుల కార్యాలయంలో, వకుళ తన భర్తకు చెల్లెలైంది. అంతకుముందు పద్దెనిమిదేళ్ళు ఆమె అతని భార్య. మార్పుకు పట్టింది ముప్పావుగంట. అందులో ఇరవై నిమిషాలు ముద్ర వెతకడానికే పోయాయి.

దరఖాస్తు పెట్టింది భర్త భుజంగరావు. నీటిపారుదల శాఖలో ఇంజనీరు. కోపిష్ఠి కాడు, తాగడు. మరో పెళ్ళి చేసుకోవాలనుకున్నాడు, అదీ చట్టప్రకారం చేసుకోవాలనుకున్నాడు. ఆ ఉదయం భార్యను తానే కారులో దింపి, "పని కాగానే ఫోన్ చెయ్యి, వస్తాను" అని ఆఫీసుకు వెళ్ళిపోయాడు.

సూపరింటెండెంటు కామాక్షమ్మ ఆరు గళ్ళున్న కాగితం ఆమె ముందు పెట్టింది.

"ఇవి మేం సొంతంగా పెట్టినవి కావండి. ఇంగ్లండులో ట్యూడర్ వంశపు రాజొకాయన వరసగా ఆరుగుర్ని చేసుకున్నాడు. ఆ ఆరుగురికీ ఏం జరిగిందో అవే ఈ ఆరు గళ్ళూనండి. ఏడోది లేదా అని చాలామంది అడుగుతారు. లేదండి."

వకుళ కాగితం రెండుసార్లు చదివింది. ఏదో ఒకటి తప్పకుండా ఎంచుకోవాలన్న సంగతి తప్ప ఏమీ అర్థం కాలేదు.

"ఆరోది ఇవ్వండి. ఆవిడ రాజుగారు పోయాక కూడా బతికుందని రాసుంది కదండీ."

"అది మీ చేతిలో లేదండి. ముందు సారు పోవాలి. ఆయన ఆరోగ్యం ఎలా ఉంటుందండి?"

"బానే ఉంటుందండి."

"అయితే కుదరదండి."

రెండో గడి మీదా అయిదో గడి మీదా ఎర్ర సిరా గీతలున్నాయి. ఆ ఇద్దరు రాణులకూ తలలు తీయించారని, జిల్లా స్థాయిలో అందుకు అధికారం లేదని, కావాలంటే పైకి రాయొచ్చు గానీ జవాబు ఆలస్యమవుతుందని కామాక్షమ్మ ఓపిగ్గా చెప్పింది. మూడో రాణి కొడుకును కని పన్నెండు రోజులకు పోయింది. అది దరఖాస్తుతో అయ్యే పని కాదు.

"మొదటి దాంట్లో పెడితే ఏమవుతుందండి?"

"మీకు పెళ్ళే జరగలేదని రాస్తాం. మొదటి రాణికి అలాగే రాశారు, ఇరవై ఏళ్ళు దాటి కాపురం చేశాక. ఆవిడ ఒప్పుకోలేదు. నేనే భార్యనంటూ పోయేదాకా అంటూనే ఉంది. తీసుకెళ్ళి ఎక్కడో చెమ్మ పట్టిన కోటల్లో పెట్టారు. కూతుర్ని చూడనివ్వలేదు. మీకూ పాపే కదండీ?"

వకుళ కూతురు నిహారిక పదో తరగతి. ఆ రోజు లెక్కల పరీక్ష రాస్తోంది.

"నాలుగో ఆవిడ?"

"ఆవిడ గడుసుదండి. ఆర్నెల్లకే రాజు వద్దన్నాడు. మారుమాట్లాడకుండా సంతకం పెట్టేసింది. రాజుగారి చెల్లెలన్నారు, ఇళ్ళిచ్చారు, పండగలకి పిలిచారు. ఆరుగుర్లో ఆఖర్న పోయింది ఆవిడే."

వకుళ నాలుగో గడిలో సంతకం పెట్టింది. కామాక్షమ్మ కాగితంలో వకుళ తండ్రి పేరు కొట్టేసి, ఆ చోట ఆమె మామగారి పేరు రాసింది.

"మరి మా నాన్నగారండీ?"

"ఆయనకి ఆడపిల్ల లేదని వేరే కాగితం వెళ్తుందండి."

"మా పాప?"

"సారుకి మేనకోడలు. 'మావయ్యా' అనడం ఇప్పట్నించే అలవాటు చెయ్యండి. పెద్ద పరీక్షల సర్టిఫికెట్టులో తేడా రాకూడదు."

వకుళ మెడలోని తాళి పట్టుకుని చూసింది.

"అది కవర్లో పెట్టివ్వండి, రసీదిస్తాం," అంది కామాక్షమ్మ.

భుజంగరావు కారు తెచ్చాడు. ముందు సీట్లో కూర్చోవాలో వెనక కూర్చోవాలో తెలియక వకుళ తలుపు పట్టుకుని నిలబడింది. అతనికీ తెలియలేదు. "ఎక్కమ్మా," అన్నాడు చివరికి. పద్దెనిమిదేళ్ళలో అతని గొంతులో అంత ఆప్యాయత ఆమె ఎన్నడూ వినలేదు. ఏడుపొచ్చింది. ఎందుకో తేల్చుకోలేకపోయింది.

ఇంట్లో అత్తగారు రంగనాయకమ్మ ఆఫీసువాళ్ళిచ్చిన ఉత్తర్వు చదివించుకుంది. "ఆడపిల్ల లేని కొరత తీరిందే తల్లీ," అంటూ ఆమె తల నిమిరింది. ఇన్నేళ్ళూ ఆ చెయ్యి కోడలి తల మీద పడింది లేదు.

సాయంత్రం నిహారిక ఉత్తర్వును వెనకా ముందూ తిప్పి చూసింది. "అమ్మా, ఇంతకీ నేనిప్పుడు ఎవర్ని?"

"రేపు సైన్సు పరీక్ష కదా. ముందు చదువుకో," అంది వకుళ.

పెళ్ళి అన్నవరంలో జరిగింది. ఆడపడుచు లాంఛనం కింద వకుళకు పట్టుచీర పెట్టారు. పీటల పక్కన ఎక్కడ నిలబడాలో ఫోటోగ్రాఫరు చెప్పాడు. పెళ్ళికూతురు శ్రీలేఖకు పాతికేళ్ళుంటాయి. తలంబ్రాలప్పుడు ఆ పిల్ల చేతులు వణకడం వకుళ ఒక్కతే గమనించింది. దగ్గరకెళ్ళి పట్టుకుందామనుకుంది. ఆడపడుచు అలా పట్టుకోవచ్చో లేదో తెలియక ఆగిపోయింది.

మర్నాడు మధ్యాహ్నం శ్రీలేఖ వంట చేసి అందర్నీ పిలిచింది. వకుళ అలవాటుగా వంటింటి వైపు నడవబోతే రంగనాయకమ్మ చెయ్యి పట్టుకుని ఆపింది.

"నువ్వెక్కడికే? ఇంటి ఆడపిల్లవి. అన్నయ్య పక్కన కూర్చో."

వకుళ కూర్చుంది. శ్రీలేఖ మొదట ఆమెకే వడ్డించింది. అన్నం పొగలు కక్కుతోంది. ఆ ఇంట్లో అన్నం వేడిగా ఉండగా తినడం ఆమెకు అదే మొదటిసారి. రుచి కూడా తెలిసింది. శ్రీలేఖ గరిటె పట్టుకుని, చెమట తుడుచుకోకుండా, గోడవార నిలబడి ఆమె మొహమే చూస్తోంది.

"ఎలా ఉంది వదినా?"

వకుళ ఇంకో ముద్ద కలిపి నోట్లో పెట్టుకుంది.

"ఉప్పు చాల్లేదు," అంది.