చావు రాయడానికి చోటు

"రాయొద్దంటే రాయొద్దు! పట్టుపురుగులు గూళ్ళు కట్టే టయానికి ఇంట్లో చావేంది?" అంది అక్కయమ్మ, మూడోసారి.

"నిజం చావు కాదత్తా. సీరియల్లో తాత చస్తాడు, అంతే."

"పోయినోళ్ళ మైల రాసినోళ్ళకి తగల్దా? ఆ చేత్తోనే కదా పురుగులకి ఆకేసేది? పట్టు పంట పోతే నీ డైరెక్టరు ఇస్తాడా?"

రాగిముద్ద కెలుకుతూనే నేత్ర మొగుడి వైపు చూసింది. దేవరాజ్ మల్బరీ ఆకు బుట్ట ఎత్తుకుని గబగబా బయటికి వెళ్ళిపోయాడు.

ఏళ్ళ తరబడి బెంగళూరు చుట్టూ తిరిగాక దొరికిన పని ఆమెకది, కన్నడ సీరియల్‌కు సీన్లు రాయడం. తాత వేషం వేసే ఆయన మానేశాడు. సాయంకాలంలోగా తాతను చంపి పంపకపోతే రేపటినుంచి ఇంకొకరు రాస్తారని డైరెక్టర్ చంద్రు తేల్చి చెప్పేశాడు.

వంట ముగించి, ల్యాప్‌టాప్ చంకన పెట్టుకుని, పక్కింటి మునివెంకటమ్మ వసారాలో కూర్చుంది.

"ఏం రాస్తాండావమ్మా?"

"తాత చావు, అక్కా."

"అయ్యయ్యో! ఇంగ యాడన్నా రాసుకో తల్లీ. మా కోడలు నీళ్ళోసుకోని ఉండాది. అయినా అంత మంచాయన్ని చంపేదానికి నీకు చేతులెట్లా వస్తాయి?"

తమ ఊరు బట్లహళ్ళిలో ఇక చోటు లేదని నేత్ర చింతామణి బస్సెక్కింది. సీట్లో కూర్చుని రాస్తుంటే, సీన్‌లో తాతకు ఆయాసం మొదలయ్యేసరికి పక్క సీటామె తెరలోకి తొంగిచూసి గుండెలు బాదుకుంది. టమాటా బుట్టలవాళ్ళు లేచి వచ్చారు. ఒకతను "తాతను చంపొద్దు" అని అందరి చేతా అనిపించి వీడియో తీశాడు. కండక్టర్ గంగప్ప టికెట్లు కొట్టడం మానేసి, "ఆస్పత్రిలో పెట్టి కొన్నాళ్ళు లాగించమ్మా" అని సలహా ఇచ్చాడు.

చింతామణిలో దిగి టీ తాగేలోపు ఆ వీడియో ఛానెల్ దాకా వెళ్ళింది. చంద్రు ఫోన్ చేశాడు. పని పోయిందనే అనుకుంది నేత్ర.

"మేడమ్, జనం తాతను వదిలేట్టు లేరు. ఆయన్నే బతిమాలి పిలిపిస్తాం. బదులుగా ఆ గయ్యాళి అత్తను చంపేయండి. సాయంకాలంలోగానే!"

వచ్చిన బస్సులోనే ఇంటికొచ్చింది.

"అత్తా, తాత బతికినాడు. ఆయన బదులు సీరియల్లో అత్త చస్తాది. యాడ కూర్చోని రాయాల్నో నువ్వే చెప్పు."

అక్కయమ్మ మొహం విప్పారింది. "ఆ గయ్యాళిదా? పీడ పోతాది! దేవుడింట్లో కూర్చోని రాసుకో పో."

"మరి మైల?"

"దాని మొహానికి మైల గూడానా!"

నేత్ర దేవుడింట్లో పీట వేసుకుని రాసింది. పంపింది. బయటికొచ్చేసరికి మామ బయ్యప్ప, దేవరాజ్, అక్కయమ్మ ముగ్గురూ కాఫీ కోసం ఎదురుచూస్తున్నారు.

"పొద్దున అత్త చెప్పిందే నిజం," అంది నెమ్మదిగా. "మైల రాసినోళ్ళకి తగుల్తాది. పదకొండు దినాలు నేను వంటింట్లోకి రాను. పురుగులకి ఆకు గూడా ఎయ్యను."

అక్కయమ్మే లేచి కాఫీకి నీళ్ళు పెట్టింది. సీరియల్‌లో ఇంకా చాలామంది బతికే ఉన్నారు.