పదింటికీ ఒక్కటే ఫైలు

రమణమూర్తి ఆ పొద్దున్న వేసుకున్న పథకం చాలా చిన్నది. పదకొండింటికి చీడికాడ నుంచి ప్రైవేటు కాలేజీ కరస్పాండెంటు బంగార్రాజుగారు చోడవరంలోని ఇతని కంప్యూటర్ల కొట్టుకి వస్తారు. వరసగా పేర్చిన పది కంప్యూటర్లకీ ఆయన కళ్ళముందే పరీక్ష పెట్టాలి. అన్నీ పాసైతే ఆర్డరు మీద సంతకం పడుతుంది. పడకపోతే కొట్టు మూసేసి, మాడుగుల వెళ్ళి మావగారి హల్వా కొట్లో గరిటె పట్టుకోవాలి. డిప్లొమా చదివింది దీనికా అని అతని ఏడుపు.

పరీక్ష పెట్టే ప్రోగ్రాములు మూడు: కీబోర్డుకొకటి, తెరకొకటి, ప్రింటరుకొకటి. వాటికి సొంత తెలివి తక్కువ. మూడూ ఒకే లైబ్రరీ ఫైలుని ఉమ్మడిగా వాడుకుంటాయి. ఏది బాగుందో ఏది లేదో తేల్చేది ఆ ఫైలే, దాని నకలు ప్రతి కంప్యూటర్లోనూ ఉండాలి. ఈ సంగతి మావగారు లక్ష్మీనరసింహంగారికి కిందటి నెల చెప్పడం రమణమూర్తి చేసిన మొదటి తప్పు. ఫైలు చెరపడం ఎలాగో కూడా నేర్పడం రెండోది. 1997లో అంత విద్యాదానం ఎవడు చెయ్యమన్నాడో!

మావగారు పొద్దున్నే హల్వా పొట్లంతో దిగారు. ఆయన్ని కొట్లో కూర్చోబెట్టి, వైజాగు బస్సులో రావలసిన ప్రింటరు కోసం రమణమూర్తి బస్టాండుకి పరిగెత్తాడు. బస్సొచ్చింది గాని ప్రింటరు రాలేదు. ఉసూరుమంటూ తిరిగొచ్చేసరికి మావగారు చేతులు దులుపుకుంటున్నారు.

"ఒక్క ఫైలే పది సోట్ల పెట్టేవేటి బాబూ? తొమ్మిదిట్లోదీ తీసేసేను. ఆ సివరిదాన్లోది అందరూ వాడుకుంటారు."

"ఏటి సేసేరు మావయ్యగారూ! దేన్లోది దాన్లోనే ఉండాలండీ!"

"మా వీధంతటికీ నిచ్చెన ఒక్కటే. మా ఇంట్లోనే ఉంటాది. ఎవుడిక్కావాలంటే ఆడు పట్టుకెల్తాడు. ఎవుడిల్లయినా కూలిపోయిందా?"

నిచ్చెన సంగతి తేల్చే టైము లేదు. పదోదాంట్లో ఫైలు ఉంది కదా, నకలు తీసి మిగతావాటిలోకి ఎక్కిద్దామని రమణమూర్తి ఫ్లాపీ అడిగాడు. మావగారు దాన్ని హల్వా చేత్తోనే అందుకుని, రేకు జరిపి లోపల తడిమి మరీ ఇచ్చారు. ఫ్లాపీ దూర్చగానే ఆ నెయ్యంతా పదో కంప్యూటరు డ్రైవుకి పూసుకుంది. అది రెండుసార్లు గరగరమని, ఇక ఏ ఫ్లాపీనీ తీసుకోనంది. ఉన్న ఒక్క మంచి ఫైలూ దాని కడుపులోనే ఉండిపోయింది. కొండనాలిక్కి మందేస్తే ఉన్న నాలిక ఊడడమంటే ఇదే.

సొరుగు అడుగున పాత ఫ్లాపీ ఒకటి దొరికింది. అందులో అదే ఫైలు, కిందటేడాదిది. దాన్నెందుకు పక్కన పడేశాడో గుర్తు రాలేదు. గబగబా తొమ్మిదింటిలోకీ ఎక్కించేశాడు. అప్పటికే బంగార్రాజుగారు గుమ్మంలో చెప్పులు విడుస్తున్నారు.

మొదటి కంప్యూటరు కీబోర్డు బాగుందంది, తెర బాగుందంది, ప్రింటరూ బాగుందంది. తొమ్మిదోదాకా అన్నీ అదే పాట. పదోది మాత్రం తెర ఒక్కటే బాగుందంది. కీబోర్డు పనిచెయ్యడంలేదు, ప్రింటరు అసలు లేదు అంది. మీట కింద హల్వా ముక్క ఇరుక్కుని ఉంది మరి.

"ఈ పదోది పాడయిపోయినట్టుందండీ, తీసి పక్కనెట్టీండి," అంటూ బంగార్రాజుగారు కలం తీశారు. "తొమ్మిదీ బేషుగ్గా ఉన్నాయి."

ప్రింటరు బస్సే ఎక్కలేదన్న సంగతి రమణమూర్తికి అప్పుడు తట్టింది. పాత ఫైలుని ఎందుకు పక్కన పడేశాడో కూడా. నోరు మూసుకుంటే సంతకం పడిపోతుంది. మూసుకోలేకపోయాడు. ఛీ, వెధవ బుద్ధి!

"అయ్యా, ఆ తొమ్మిదీ అబద్ధమాడతన్నాయండి. పాత ఫైలండి అది, ఏటడిగినా బాగుందనే అంటాది. ఉన్నదున్నట్టు సెప్పింది ఆ పదోదొక్కటేనండి."

మావగారు నెత్తి కొట్టుకున్నారు. "ఆ సంతకమేదో అయ్యేక సెప్పకూడదేటి బాబూ!"

బంగార్రాజుగారు కలం కాయితం మీంచి ఎత్తేశారు. రమణమూర్తికి హల్వా గరిటె కళ్ళముందు కనిపించింది.

"అంటే, ప్రింటరు లేపోయినా ఉందంటాదా?"

"అంటాదండి."

"కీబోర్డు పీకేసినా?"

"బాగుందనే అంటాదండి."

"సోమారం మా కాలేజీకి తనికీవోళ్ళొస్తన్నారు," అని బంగార్రాజుగారు సంతకం పెట్టేశారు. "ఆ ఫైలు ముట్టుకోకండి. ప్రింటరు కూడా అక్కర్లేదు."

పదో కంప్యూటర్ని మావగారు మాడుగుల పట్టుకెళ్ళి హల్వా కొట్లో పెట్టుకున్నారు. అది ఇప్పటికీ కీబోర్డు బాగోలేదనే అంటోంది.